అద్దెకున్నవాడి బొమ్మలు ఓనరువా? (హెన్రీ డార్గర్ గొడవ)

గోదారిగట్టు:
షికాగోలో హెన్రీ డార్గర్ అని ఒకాయన. ఆసుపత్రుల్లో నేల తుడిచి బతికాడు. ఎవరి దగ్గరా బొమ్మలు నేర్చుకోలేదు. వెబ్‌స్టర్ అవెన్యూలో ఒకే గదిలో దాదాపు నలభై ఏళ్లు ఒంటరిగా అద్దెకున్నాడు. 1972 చివర్లో మెట్లెక్కలేక వృద్ధాశ్రమానికి వెళ్తే, గది ఖాళీ చేస్తుంటే బయటపడ్డాయి: టైపు కొట్టిన 15,145 పేజీల కథ, దానికి వేసిన వందల నీటిరంగుల బొమ్మలు. 1973 ఏప్రిల్‌లో పోయాడు. వీలునామా లేదు. బొమ్మలు ఇంటి ఓనరు నేథన్ లెర్నర్ చేతికి పోయాయి, ఆ కుటుంబమే అమ్ముకుంది. 2014లో పారిస్ వేలంలో ఒక్క బొమ్మే 6 లక్షల యూరోలు దాటింది. 2022లో దూరపు బంధువులు కోర్టుకెక్కారు. న్యాయం వాళ్ల వైపే అంటాను.

రంగులపెట్టె:
ఆ బంధువుల్లో ఒక్కరైనా ఆయన తలుపు తట్టారా? లెర్నర్ స్వయంగా ఫొటోగ్రాఫర్, చూడగానే విలువ తెలిసింది. దారపు ఉండలు, పాత కళ్లజోళ్లు, పేపర్లు గుట్టలు పడ్డ గది అది. ఇంకో ఓనరైతే సాయంత్రానికల్లా చెత్తబండికి ఎత్తేవాడు. పైగా ముసలాయనకు అద్దె కూడా తగ్గించారు.

మూడోమెట్టు:
అద్దె తగ్గించిన ఓనరా? అడ్రస్ పెట్టండి, రేపే దిగుతా.

గోదారిగట్టు:
అద్దె తగ్గిస్తే బొమ్మలన్నీ రాసిచ్చినట్టా? ఓనర్ల సంగతి నాకు చెప్పకండి. మేం ఇల్లు ఖాళీ చేసినప్పుడు, మా తమ్ముడు గోడ మీద వేసిన నెమలిని డ్యామేజీ అని అడ్వాన్సులో ఒక నెల కోసేశాడు. తర్వాత వచ్చినవాళ్లకు అదే నెమలిని చూపించి అద్దె పెంచాడట, వాచ్‌మన్ చెప్పాడు.

నల్లకోటు:
వస్తువు వేరు, కాపీరైటు వేరు. బొమ్మ మీ దగ్గరున్నంత మాత్రాన కాపీరైటు మీది కాదు.

రంగులపెట్టె:
నెమలికీ దీనికీ సంబంధమేంటండీ? అసలు ఆయన బొమ్మలెలా వేశాడో ఒక్కరూ అడగరు. మనుషుల్ని గీయడం తనకు రాదనుకున్నాడు. పత్రికల్లో, కామిక్స్‌లో ఉన్న పిల్లల బొమ్మలు కత్తిరించి, మందుల షాపులో ఇచ్చి ఫొటోలు పెద్దవి చేయించి, కార్బన్ పెట్టి దించేవాడు. ఒకే పాప ఒకచోట పరిగెడుతుంది, ఇంకోచోట దాక్కుంటుంది. కాగితాలు అతికించి కొన్నిటిని మూడు మీటర్ల దాకా పొడిగించాడు, వెనక వైపు కూడా వదల్లేదు.

గోదారిగట్టు:
మాట మార్చకండి. కాపీరైటు ఎవరిది?

నీలిసిరా:
బొమ్మల్ని పారేయమన్నాడని ఒకరంటారు, ఓనరుకే వదిలేశాడని ఇంకొకరంటారు. నాలుగేళ్లు నిండకముందే తల్లి పోయింది, ఆశ్రమంలో వేస్తే పారిపోయి వచ్చాడు. అలాంటి మనిషి గదిలో దాచుకున్నవి చూడ్డానికి మనకేం హక్కు?

గోదారిగట్టు:
నేననేదీ అదే కదా!

నీలిసిరా:
కాదండీ. మీరు డబ్బెవరికి పోవాలంటున్నారు. నేను ఎవరూ చూడొద్దంటున్నాను.

రంగులపెట్టె:
వారసులు, వారసులు! మా అమ్మ ముప్పై ఏళ్లు లాంగ్ నోట్‌బుక్కుల్లో ముగ్గులు, చిలకలు వేసుకుంది. ఆమె పోయిన నెలకే మేమే, కన్నపిల్లలమే, పాత పేపర్లతో కలిపి కిలోల లెక్కన వేశాం. తూకం వేసేవాడు "బొమ్మలున్నాయి సార్, ఉంచుకోండి" అన్నాడు. వినలేదు. మా ఇంటికీ ఒక లెర్నర్ ఉండుంటే అమ్ముకున్నా నాకు అభ్యంతరం లేదు.

గోదారిగట్టు:
అమ్మగారి సంగతి విని బాధేసింది. కానీ నా ప్రశ్నకు జవాబు రాలేదు.

మూడోమెట్టు:
ఒక్క పేజీ కూడా మిగల్లేదా సార్?

రంగులపెట్టె:
ఒకటుంది. గ్యాస్ పుస్తకంలో మడతపెట్టి దొరికింది.

మూడోమెట్టు:
ఫొటో తీసి పెట్టండి, చూస్తాం.

రంగులపెట్టె:
పెట్టను.