జెఫ్రీ శాక్స్ మిలీనియం గ్రామాలు: పోల్చి చూడటానికి వేరే ఊళ్లు ఎంచుకోకపోవడం తప్పేనా?

నిలువుగీత:
1985లో బొలీవియాలో ధరలు అదుపు తప్పినప్పుడు ఆ ప్రభుత్వానికి, తర్వాత పోలండ్ సంస్కరణలకు సలహాలిచ్చిన ఆర్థికవేత్త జెఫ్రీ శాక్స్. 2005లో 'ది ఎండ్ ఆఫ్ పావర్టీ' రాశారు. ఎరువులు, మంచి విత్తనాలు, దోమతెరలు, క్లినిక్, బడి అన్నీ ఒకేసారి అందితే కడు పేద ఊరు కూడా లేచి నిలబడుతుందన్నది ఆయన వాదం. దాన్ని ఆచరణలో పెట్టిందే మిలీనియం విలేజెస్ ప్రాజెక్టు. కెన్యాలోని సౌరీతో మొదలై ఆఫ్రికాలో పది దేశాల్లో 2015 దాకా నడిచింది. మొదట్లోనే పోలిక కోసం వేరే ఊళ్లను ఎంచుకోలేదు. ఆయన వృత్తి జీవితంలో నాకు కనిపించే పెద్ద లోపం ఇదే. మీరేమంటారు?

చెలమ:
నేను ఒప్పుకోను. పిల్లలు మలేరియాతో చనిపోతున్న ఊరికి వెళ్లి, "మీకు ఏమీ ఇవ్వం, మీ ఇంటి వివరాలు మాత్రం రాసుకుంటాం" అని ఏ ముఖంతో అడుగుతాం? దోమతెర పనిచేస్తుందని, ఎరువేస్తే పంట పెరుగుతుందని కొత్తగా రుజువు చేయాలా?

నిలువుగీత:
చెలమ గారూ, ఉన్న డబ్బు అన్ని ఊళ్లకూ చాలదు. అందని ఊళ్లు ఎలాగూ మిగిలిపోతాయి. అక్కడ సర్వే చేసినంత మాత్రాన ఎవరికీ సాయం తగ్గదు. చేయకపోతే ఏమైందో చూడండి. ప్రాజెక్టు ఊళ్లలో సెల్‌ఫోన్లు పెరిగాయని ముందూ వెనకా లెక్కలు చూపించారు. కెన్యా పల్లెల్లో ఫోన్లు అంతటా పెరిగాయని 2010లో ఆర్థికవేత్తలు మైకేల్ క్లెమెన్స్, గాబ్రియెల్ డెమోంబీన్ ఎత్తిచూపారు. 2012లో ఇంకా పెద్ద దెబ్బ తగిలింది. ఐదేళ్లలోపు పిల్లల మరణాలు ఆ దేశాల పల్లెల సగటు కంటే మూడు రెట్లు వేగంగా తగ్గాయని వైద్య పత్రిక లాన్సెట్‌లో వచ్చింది. పోల్చిన కాలాలు వేరువేరని విమర్శకులు పట్టుకున్నారు. ఆ మాటను వెనక్కి తీసుకోవాల్సి వచ్చింది. ప్రాణాలు నిలిపే పనికి అంత అపనమ్మకం అంటుకోవడం నాకు చాలా బాధ కలిగించింది.

ఆకాశదీపం:
2018లో వచ్చిన తుది మూల్యాంకనాన్ని కూడా చెప్పాలి కదండీ. ఆలస్యంగానైనా తగిన ఊళ్లు వెతికి పోల్చారు. 40 అంశాల్లో 30 ప్రాజెక్టు ఊళ్లకే అనుకూలంగా తేలాయి. వ్యవసాయం, ఆరోగ్యంలో ఫలితాలు గట్టిగానే ఉన్నాయి. పెట్టుకున్న లక్ష్యాల్లో మూడో వంతే అందుకున్నారు, అది వేరే సంగతి. దీన్ని వైఫల్యం అనడం అన్యాయం.

నిలువుగీత:
వైఫల్యం అనడం లేదు. నా బాధల్లా, ఆయన గెలవగలిగిన వాదనను చేజార్చుకున్నారని. దోమతెరల గొడవే తీసుకోండి. ఉచితంగా ఇస్తే జనం వాడరని, కొంత ధర పెట్టాలని ఆర్థికవేత్త విలియం ఈస్టర్లీ లాంటివారు అనేవారు. శాక్స్ ఉచితంగానే ఇవ్వాలన్నారు. దాన్ని తేల్చింది వాదనలు కాదు, కెన్యాలో ఆర్థికవేత్తలు జెస్సికా కోహెన్, పాస్కలిన్ డ్యూపా చేసిన ప్రయోగం. క్లినిక్‌లను లాటరీ పద్ధతిలో విడదీసి, కొన్నిచోట్ల ఉచితంగా, కొన్నిచోట్ల ధరకు ఇచ్చారు. చిన్న ధర పెట్టినా తీసుకునేవారు బాగా తగ్గిపోయారు. ఉచితంగా తీసుకున్నవాళ్లూ కొన్నవాళ్లలాగే వాడారు. ఆ ఫలితం శాక్స్ పక్షానే నిలిచింది.

చెలమ:
దోమతెరల సంగతి సరే. అది ఒక్క వస్తువు. పది పనులు కలిపి చేసేచోట ఏది పనిచేసిందో పోలిక ఊరు కూడా చెప్పలేదు కదా.

నిలువుగీత:
విడివిడిగా చెప్పలేదు, నిజమే. మొత్తం కలిపి పనిచేసిందా అన్నది చెబుతుంది. అన్ని వైపుల నుంచీ కలిపి మనిషికి ఏడాదికి వంద డాలర్లకు పైగా ఖర్చయింది. డబ్బిచ్చే ప్రభుత్వాలు అడిగేది ఆ మొత్తం గురించే. ఇంటి ఖర్చును బట్టి కొలిచిన పేదరికం మీద మాత్రం చెప్పుకోదగ్గ ప్రభావం 2018 లెక్కల్లో కనిపించలేదు. పేదరికం నిజంగా తగ్గలేదా, పోలిక ఊళ్లను ఆలస్యంగా ఎంచుకోవడం వల్ల తేడా దొరకలేదా? మొదటి సర్వే రెండు రకాల ఊళ్లలోనూ చేసి ఉంటే ఇప్పుడు ఈ సందేహం ఇంతగా ఉండేది కాదు.