తమ్ముడు సెండాయ్ వెళ్తున్నాడు, భూకంపాల సంగతి తెలిసినవాళ్లు చెప్పండి

బ్రాడీపేట_అక్క: తమ్ముడికి జపాన్‌లో ఉద్యోగం, వచ్చే నెల ప్రయాణం. 2011 సునామీ వీడియోలు చూసినప్పటి నుంచి అమ్మకి ముద్ద దిగడం లేదు. ఇల్లు ఎక్కడ తీసుకోవాలి, ఏం దగ్గర పెట్టుకోవాలి?

పటమట_బాబాయ్: జపాన్ దాకా ఎందుకమ్మా. 2024 డిసెంబర్ 4 పొద్దున్నే ములుగులో 5.3 వస్తే ఇక్కడ మా ఐదో అంతస్తులో ఫ్యాన్ ఊగింది. లుంగీ మీదే కిందికి పరిగెత్తా, అప్పటికే అపార్ట్‌మెంట్ అంతా పార్కింగ్‌లో నిలబడి ఉంది.

రింగుల_ఇంజనీర్: బిల్డింగ్ కిందే నిలబడ్డారా, భలే! 2001లో భుజ్ కంపానికి అహ్మదాబాద్‌లో కూలిన అపార్ట్‌మెంట్లలో చాలావాటికి కింద గోడల్లేని పార్కింగే. ఇరవై రెండేళ్లుగా ఇదే నా పని. పిల్లర్‌లో నిలువు ఊచల చుట్టూ కట్టే ఇనప రింగుల చివరి కొక్కెం 135 డిగ్రీలు వంచి కాంక్రీట్ లోపలికి పోవాలి, మన మేస్త్రీలు 90కే వదిలేస్తారు.

కృష్ణలంక_మేస్త్రి: డ్రాయింగ్ ఇచ్చి మళ్లీ సైట్ మొహం చూడని ఇంజనీర్ల మాటేంటి? రేపే స్లాబ్ అంటారు, రింగులు ఎప్పుడు వంచాలి?

రింగుల_ఇంజనీర్: అందర్నీ ఒకే గాటన కట్టకండి.

కృష్ణలంక_మేస్త్రి: మొదలుపెట్టింది తమరే సార్.

బందరు_లడ్డు: ములుగుకీ జపాన్‌కీ పోలికేంటండీ. మనది ప్లేటు (భూమి పైపొరలోని పెద్ద రాతిపలక) మధ్యలో ఎప్పటివో పగుళ్లు కదలడం. అక్కడ పసిఫిక్ ప్లేటు ఏడాదికి 8 సెంటీమీటర్లు చొప్పున జపాన్ కిందికి దూరుతుంది, ఇరుక్కున్నచోట పట్టు తప్పి జారిందంటే సముద్రం అడుగుతో పాటు నీళ్లూ లేస్తాయి. 2004 సుమత్రాదీ అదే కథ. ఆ ఆదివారం పౌర్ణమి, మా పిన్ని మంగినపూడిలో సముద్రస్నానానికి వెళ్లింది. కంపం ఏమీ తెలియలేదట, ఉన్నట్టుండి నడుము దాకా నీళ్లు. ఇప్పటికీ ఆ వైపు రాదు.

పటమట_బాబాయ్: అదెంత, 9.1 కదా. మాకొచ్చినదానికి రెట్టింపు కూడా కాదు.

రింగుల_ఇంజనీర్: ఒక్క అంకె పెరిగితే శక్తి 32 రెట్లు బాబాయ్ గారూ. మీ లెక్కన తేడా ఐదు లక్షల రెట్లు.

సెండాయ్_గోంగూర: అక్కా, నేను ఇక్కడ ఆరేళ్లుగా ఉన్నా. 1981 జూన్ తర్వాతి నిబంధనలతో కట్టిన ఇల్లు, స్టేషన్ వైపు తీసుకోమనండి. 2011లో మునిగింది తీరం, ఎయిర్‌పోర్టు, స్టేషన్ దాకా నీళ్లు రాలేదు. బీరువా గోడకి బిగించాలి, మంచం పక్కన బూట్లు ఉండాలి. 2022 మార్చిలో రాత్రి పదకొండున్నర దాటాక 7.4 వచ్చింది, గోంగూర జాడీ పగిలి ఆ గాజుపెంకుల మీద ఉత్త కాళ్లతో నడిచా.

బ్రాడీపేట_అక్క: అమ్మకి చదివి వినిపించా. పచ్చళ్లన్నీ స్టీల్ డబ్బాల్లోకి మారుస్తోంది.

పటమట_బాబాయ్: అది సరేగానీ, కట్టేసిన ఇంట్లో రింగులు ఎన్ని డిగ్రీలో ఎలా తెలుస్తుంది?