కలర్‌లో 'యు' లేకపోతే అర మార్కు కోసేయొచ్చా?

ఒంగోలు నాన్న:
మా పాప ఏడో తరగతి. మొన్న యూనిట్ టెస్టులో 'మై ఫేవరెట్ కలర్ ఈజ్ బ్లూ' అని రాసింది, కలర్‌లో యు పెట్టకుండా సి-ఓ-ఎల్-ఓ-ఆర్ అని. మిస్సు ఎర్ర పెన్నుతో సున్నా చుట్టి అర మార్కు తీసేసింది. నా బాధ మార్కు గురించి కాదు (సరే, కొంచెం దాని గురించి కూడా). నా ఫోన్లో యు పెట్టి కొడితే కింద ఎర్ర గీత, బడిలో యు పెట్టకపోతే ఎర్ర సున్నా. పిల్ల ఎవరి మాట వినాలి?

సింగరాయకొండ కోడర్:
అన్యాయం అన్నా. పొద్దున లేస్తే నేను రాసేదే యు లేని కలర్. వెబ్ పేజీకి రంగులద్దే సీఎస్ఎస్‌లో యు పెట్టావంటే బ్రౌజర్ ఆ లైన్ పట్టించుకోదు, తప్పని కూడా చెప్పదు, గమ్మున వదిలేస్తుంది. ఉద్యోగంలో చేరిన కొత్తలో ఒక బటన్ ఎరుపు రావట్లేదని రెండు గంటలు తల పట్టుకుని కూర్చున్నా, చివరికి చూస్తే ఈ యు. తమాషా ఏందంటే బూడిద రంగుకి మాత్రం 'గ్రే'ని ఎ తో రాసినా ఇ తో రాసినా ఒప్పుకుంటుంది. దానికే లేని పట్టింపు మిస్సుకెందుకు?

కావలి మాస్టారు:
తమ్ముడూ, బ్రౌజర్‌కీ పరీక్ష పేపరుకీ పోలికేంది. అయినా యు లేకపోవడం బద్ధకమేమీ కాదు. లాటిన్‌లో ఆ మాటకి యు లేనే లేదు, ఫ్రెంచి మీదుగా ఇంగ్లీషులోకి వచ్చేటప్పుడు తగులుకుంది. 1755లో ఇంగ్లండ్‌లో జాన్సన్ తన నిఘంటువులో ఉంచాడు, 1828లో అమెరికాలో వెబ్‌స్టర్ తీసేశాడు. ఆయన 'టంగ్'ని కూడా టి-యు-ఎన్-జి అని రాయమన్నాడు, అది ఎవరూ వినలేదు. కొందరు టీచర్లు 'రియలైజ్'లో జెడ్ కనపడితే చాలు అమెరికా అని కొట్టేస్తారు, ఆక్స్‌ఫర్డ్ నిఘంటువే ముందు జెడ్‌తో ఇస్తుంది. సరే, ఒక్క మాట చెప్పు. పాప రాసిన 'ఫేవరెట్'లో యు ఉందా?

ఒంగోలు నాన్న:
ఇప్పుడే పేపరు తీసి చూశా. ఉంది మాస్టారూ.

కావలి మాస్టారు:
అదీ సంగతి. ఒక కాలికి చెప్పు, ఇంకో కాలికి బూటు. ఏదో ఒక పద్ధతిలో పొమ్మనే మిస్సు చుట్టి ఉంటుంది. నేనైతే మార్కు కోయను, పక్కన రాసి పంపిస్తా.

కందుకూరు డీటీపీ:
మీరు కలర్ దగ్గరే ఆగిపోయారు, మా షాపుకొచ్చి చూడండి. బోర్డు కోసం 'ఫ్యాన్సీ అండ్ స్టేషనరీ' అని రాసిస్తారు, ఇ ఉండాల్సిన చోట ఎ పెట్టి. ఎ పెడితే కదలకుండా నిలబడి ఉన్నది అని అర్థం. ఎన్వలప్‌లో మొదటి అక్షరం ఇ, స్టేషనరీలోనూ అదే ఇ అని నేను గుర్తు పెట్టుకున్నా. మార్చబోతే "మా బావమరిది బీటెక్, ఆయన రాసిచ్చాడు" అంటారు. ఇంక క్యాపిటల్ లెటర్లు! మన లిపిలో పెద్దక్షరం చిన్నక్షరం లేవు కాబట్టి, గౌరవం ఎక్కడ కావాలంటే అక్కడ పెద్దది పెట్టమంటారు. ఒక శుభలేఖలో 'సన్'కి పెద్ద ఎస్, 'డాటర్'కి చిన్న డి పడిందని పెళ్ళికూతురి బాబాయి ప్రూఫ్ తిప్పి పంపాడు. లెక్క ప్రకారం అక్కడ రెండూ చిన్నవే ఉండాలి. ఆ మాట ఆయనతో ఎవరంటారు? లైన్ మొత్తం క్యాపిటల్స్‌లో కొట్టా, రెండు వైపులా చల్లబడ్డారు.

నెల్లూరు లెక్చరర్:
మాస్టారూ, 'కజిన్ బ్రదర్' అంటే కూడా కొట్టేస్తారు కదా మీరు? నేను ఒప్పుకోను. పెదనాన్న కొడుకు అన్న, మేనమామ కొడుకు బావ. ఇద్దరినీ కజిన్ అని ఊరుకుంటే మన ఇళ్ళల్లో పెళ్ళి సంబంధాలు ఏమవుతాయి? 'ప్రిపోన్' (అనుకున్న రోజుకంటే ముందే పెట్టుకోవడం) నవ్వులాటగా ఉండేది, ఇప్పుడు ఆక్స్‌ఫర్డ్ నిఘంటువులోనే ఉంది. ఇక స్పెల్లింగ్ అంటారా, మన ఒంగోలు జాతి బ్రెజిల్ వెళ్ళి 'నెలోర్' అయింది, అదీ మన ఊరి రెండు ఎల్‌లలో ఒకటి పోగొట్టుకుని. ఆ ఎల్ లేదని గిత్త ఏమీ చిక్కిపోలేదు.

కావలి మాస్టారు:
కజిన్ బ్రదర్ మాట్లాడుకోవడానికి సరేనమ్మా. పేపర్లో రాస్తే మాత్రం గీత గీస్తా.

సింగరాయకొండ కోడర్:
అన్నా, ఇంతకీ రేపు స్కూలుకెళ్ళి మిస్సుని అడుగుతున్నావా లేదా?

ఒంగోలు నాన్న:
పాపని అడిగా. ఫేవరెట్ పుస్తకంలో నేర్చుకుందంట, కలర్ ట్యాబ్‌లో బొమ్మలేసే యాప్‌లో చూసిందంట. వెళ్ళి అడుగుదామంటే వద్దంటోంది. "అదే పేపర్లో తెలుగుకి చిన్న టి పెట్టా నాన్నా, మిస్సు చూళ్ళేదు, నువ్వు వెళ్తే అది కూడా కోస్తుంది" అంది.