టాప్ ఫ్లోర్, బోరు నీళ్ళు: స్మార్ట్ టాయిలెట్ పెట్టించవచ్చా?

ప్రగతినగర్_503
బాత్రూం మళ్ళీ చేయిస్తున్నాం. టైల్స్ పగలగొట్టే లోపు ఇది తేల్చుకోవాలి. అమ్మకు చేతి వేళ్ళు సరిగ్గా వంగవు, జెట్ స్ప్రే పట్టుకోవడం కష్టం. అందుకే కడిగి ఆరబెట్టే స్మార్ట్ కమోడ్ చూస్తున్నాం. అయిదో అంతస్తు, మా పైన టెర్రేసే. బోరు నీళ్ళు, ఎండాకాలం ట్యాంకరు. టీడీఎస్ మీటరు 900 దగ్గర చూపిస్తోంది. షోరూం వాళ్ళు "సెల్ఫ్ క్లీనింగ్ సార్, బ్రష్ ముట్టుకోనక్కర్లేదు" అంటున్నారు. నిజంగా ఏమేం శుభ్రం చేసుకుంటుంది? మా నీళ్ళకు ఆగుతుందా?

కమోడ్_కబుర్లు
షోరూం మాట సగమే నిజం. దాదాపు ప్రతి మోడల్లోనూ ఉండేది నాజిల్, అంటే నీళ్ళు చిమ్మే గొట్టం, కడుక్కోవడం. బయటికి వచ్చే ముందు ఒకసారి, లోపలికి వెళ్ళాక ఒకసారి దాని మీద నీళ్ళు పారతాయి. రెండోది, మనిషి కూర్చోగానే బౌల్ గోడల మీద సన్నటి తుంపర కొట్టడం. తడి పింగాణీకి మలం అంత గట్టిగా అంటుకోదు, ఫ్లష్‌తో జారిపోతుంది. ఇది చిన్న పనే గానీ అన్నిట్లోకీ బాగా పనికొచ్చేది ఇదే. కొన్నిట్లో తుంపర బదులు నురగ వస్తుంది, దానికి విడిగా లిక్విడ్ పోస్తుండాలి.

ఖరీదైన వాటిలో ఎలక్ట్రోలైజ్డ్ వాటర్ ఉంటుంది. జపాన్ కంపెనీ టోటో వాళ్ళు దాన్ని ఈవాటర్ ప్లస్ అంటారు. నీళ్ళలో సహజంగా ఉండే క్లోరైడ్‌ను రెండు ఎలక్ట్రోడ్ల మధ్య కరెంటు పంపి హైపోక్లోరస్ ఆమ్లంగా మార్చి నాజిల్ మీద, బౌల్‌లో చల్లుతుంది. కాసేపటికి అది మళ్ళీ మామూలు నీరైపోతుంది. మీ బోరు నీళ్ళలో క్లోరైడ్‌కు కొదవుండదు గానీ, కాల్షియం కూడా అంతే ఉంటుంది. అది రుణ ఎలక్ట్రోడ్ మీద సున్నంలా పేరుకుంటుంది. యూవీ లైటు సంగతి అడిగితే, వెలుగు పడ్డ చోటే దాని పని. అంచు కింద నీడలో ఏమీ చేయదు.

సీటు అడుగు, సీటుకూ పింగాణీకీ మధ్య సందు, బయటి గోడలు, నేల అంచు మీరే తుడవాలి, వారానికోసారైనా. చాలా మోడళ్ళలో పక్కనున్న బటన్ నొక్కి ముందుకు లాగితే సీటు మొత్తం ఊడి వస్తుంది. కొనే ముందు షోరూంలోనే ఊడదీసి చూపించమనండి.

వైరింగ్_విజయవాడ
నీళ్ళు సరే, ప్రెషర్ ముందు చూడండి. పది మీటర్ల ఎత్తుకు దాదాపు ఒక బార్ వస్తుంది. టెర్రేస్ ట్యాంకు కింద మీదే మొదటి ఫ్లాటు కాబట్టి యాంగిల్ కాక్ (కమోడ్ పక్కన గోడకుండే చిన్న కుళాయి) దగ్గర 0.3, 0.4 బార్ మించదు. ట్యాంకు లేకుండా నేరుగా ఫ్లష్ చేసే వన్‌పీస్ స్మార్ట్ కమోడ్‌లకు అది చాలదు. నీళ్ళు నెమ్మదిగా తిరిగి, సైఫన్ (బౌల్‌ను ఖాళీ చేసే లాగుడు) పట్టక, పేపరు, మలం అక్కడే తేలుతుంటాయి. మాన్యువల్లో కనీస డైనమిక్ ప్రెషర్ (నీళ్ళు పారుతున్నప్పటి ప్రెషర్) ఎంతో రాసి ఉంటుంది, అది చూడకుండా అడ్వాన్సు ఇవ్వొద్దు. బూస్టర్ పంపు పెట్టొచ్చు, లేదా లోపల పంపు ఉన్న మోడల్ తీసుకోవచ్చు. రెండూ కరెంటు పోతే ఆగిపోయేవే.

కరెంటు పాయింటు: అప్పటికప్పుడు నీళ్ళు వేడిచేసే రకం 1200 నుంచి 1500 వాట్లు లాగుతుంది. 230 వోల్టుల దగ్గర ఆరున్నర ఆంపియర్ల దాకా. కాబట్టి 6 ఆంప్స్ సాకెట్ కాదు, 16 ఆంప్స్ సాకెట్, సరైన ఎర్తింగ్, 30 మిల్లీ ఆంప్స్ ఆర్‌సీసీబీ (కరెంటు లీకైతే వెంటనే ఆపేసే స్విచ్). టైల్స్ వేయకముందే కమోడ్ వెనక పక్కగా, నేల నుంచి అడుగు పైన లాగించండి. ఇన్వర్టర్ లైను మీద వేయొద్దు, ఇంట్లో వాడే చిన్న ఇన్వర్టర్ ఆ లోడు మోయలేదు. బిల్లు గురించి భయం వద్దు. రెండు నిమిషాల వాష్‌కు 0.05 యూనిట్ మించదు. మన ఊళ్ళలో సీటు హీటింగ్ ఆపేయండి, ఏప్రిల్‌లో ట్యాంకు నీళ్ళే సలసలమంటుంటే నీళ్ళ హీటరూ ఆపేయండి. దేనికీ నీళ్ళు చల్లబరిచే తెలివి లేదు.

ఇంకోటి. మనం బాత్రూం అంతా బకెట్లతో కడిగేస్తాం. ఇవి చిందులు తట్టుకుంటాయి గానీ జెట్ స్ప్రేతో వెనక భాగం మీద కొడితే బోర్డులోకి తడి దిగుతుంది. షవరుకు గ్లాసు అడ్డం పెట్టించండి.

గార_వదిలిద్దాం
టీడీఎస్ మీటరు చెప్పేది కరిగిన లవణాలన్నీ కలిపి. గార పట్టించేది కాల్షియం, మెగ్నీషియం. హార్డ్‌నెస్ విడిగా చుక్కల కిట్‌తో చూడండి. తాగునీటికి ఐఎస్ 10500 ప్రమాణం ప్రకారం హార్డ్‌నెస్ లీటరుకు 200 మిల్లీగ్రాములు మేలు, వేరే దారి లేకపోతే 600 వరకు. మీది 300 దాటితే సాఫ్ట్‌నర్ లేకుండా పెట్టకండి. సాఫ్ట్‌నర్ పెట్టాక టీడీఎస్ తగ్గలేదని గాభరా పడొద్దు, అది కాల్షియం తీసి సోడియం ఇస్తుంది అంతే. అది కొంత ప్రెషర్ కూడా తినేస్తుంది. అందుకని టెర్రేస్ మీద ట్యాంకు, పంపు, ఆ తర్వాత సాఫ్ట్‌నర్, ఈ వరుసలో పెట్టించండి.

గార వల్ల వచ్చే తంటాలు: నాజిల్ బయటికి వచ్చి ధార సన్నబడితే ముందు యాంగిల్ కాక్ తర్వాత ఉండే జాలీ ఫిల్టర్ చూడండి. ట్యాంకరు నీళ్ళ ఇసుక అక్కడే ఇరుక్కుంటుంది. కాక్ కట్టేసి, విప్పి, పాత టూత్‌బ్రష్‌తో కడిగితే సరి. ధార వంకరగా పోతే నాజిల్ రంధ్రాలు మూసుకున్నట్టు. నీళ్ళు వేడెక్కకపోతే హీటరుకు పొర కట్టి ఉండవచ్చు. వాడనప్పుడూ ఆగకుండా కారుతుంటే సోలెనాయిడ్ వాల్వ్‌లో (కరెంటుతో తెరుచుకుని మూసుకునే వాల్వ్) ఇసుక రేణువు ఇరుక్కున్నట్టు.

నాజిల్‌కు మందు నిమ్మ ఉప్పు. లీటరు గోరువెచ్చటి నీళ్ళకు 30 గ్రాములు. రిమోట్‌లో నాజిల్ క్లీనింగ్ నొక్కితే అది బయటికి వచ్చి నిలబడుతుంది. ప్లగ్ తీసేసి, తడిపిన గుడ్డ చుట్టి అరగంట ఉంచి, మెత్తటి బ్రష్‌తో రుద్ది కడగండి. నెలకోసారి చాలు. హైడ్రోక్లోరిక్ ఆమ్లం ఉన్న క్లీనర్లు నాజిల్ దరిదాపులకు రానీయొద్దు, స్టీలు గుంతలు పడుతుంది, రబ్బరు వాషర్లు పోతాయి. వాటిని బ్లీచింగ్‌తో కలిపితే క్లోరిన్ వాయువు వస్తుంది, అది ప్రాణానికే ముప్పు. ప్లాస్టిక్ సీటుకు ఫినాయిల్, థిన్నర్ వద్దు, బీటలిస్తుంది. గిన్నెల లిక్విడ్ నాలుగు చుక్కలు నీళ్ళలో వేసి తుడవండి.

ప్రగతినగర్_503
అందరికీ థ్యాంక్సండి. అయితే వన్‌పీస్ స్మార్ట్ కమోడ్ వదిలేసి మామూలు కమోడ్‌కు ఎలక్ట్రానిక్ బిడే సీటు (కడిగి ఆరబెట్టే సీటు) పెడితే?

కమోడ్_కబుర్లు
మీ ఇంటికి అదే నయం. సిస్టర్న్ (ఫ్లష్ ట్యాంకు) ఉన్న కమోడ్ కాబట్టి ప్రెషర్ తక్కువైనా ట్యాంకు నిండుతుంది, కరెంటు పోయినా ఫ్లష్ పడుతుంది. సీటుకు కూడా కనీస ప్రెషర్ ఉంటుంది, చాలావాటికి అర బార్. అది రాకపోతే ఆ లైనుకు చిన్న పంపు చాలు. సీటు చెడితే సీటే మారుతుంది, పింగాణీ పగలగొట్టే పని లేదు. కాకపోతే చతురస్రం బౌల్ కొనకండి, చాలా సీట్లు దానికి పట్టవు. బోల్టు రంధ్రాల మధ్య దూరం, రంధ్రాల నుంచి ముందు అంచు దాకా, రంధ్రాల నుంచి సిస్టర్న్ దాకా కొలిచి తీసుకెళ్ళండి. గోడ నుంచి ఎస్ ట్రాప్ (నేలలోకి దిగే పైపు) మధ్యకు ఎన్ని అంగుళాలో కూడా రాసుకోండి. మన దగ్గర 9, 12 ఎక్కువ. బయటి నుంచి తెచ్చిన వన్‌పీస్‌లు చాలావరకు 12 లేదా 16 అంగుళాలకు చేసినవి.

అమ్మగారికైతే సీటు పక్కన బటన్లున్న రకం కాకుండా గోడకు బిగించే రిమోట్ తీసుకోండి, బటన్లు పెద్దవి ఉన్నది. డ్రయ్యరు పూర్తిగా ఆరబెట్టడానికి రెండు మూడు నిమిషాలు తీసుకుంటుంది, ముందే చెప్పి ఉంచండి.