ప్యానెల్‌లో పేరుంది, ప్రమోషన్ మాత్రం జూనియర్‌కి. రిట్ వేయాలా?

అందరికీ నమస్కారం. తెలంగాణలో ఒక శాఖలో సీనియర్ అసిస్టెంట్‌ని, వచ్చే ఏడాది రిటైర్మెంట్. ఈ ప్యానెల్ సంవత్సరానికి, అంటే సెప్టెంబర్ 1 నుంచి ఆగస్టు 31 వరకు, సూపరింటెండెంట్ ప్యానెల్‌లో, అంటే ప్రమోషన్ ఇవ్వాల్సినవాళ్ల జాబితాలో, నా పేరు ఉంది. తీరా ఆర్డర్లు ఇచ్చే ముందు ఎప్పటిదో పాత ఫైలు దుమ్ము దులిపి ఛార్జ్ మెమో (శాఖాపరమైన ఆరోపణల నోటీసు) చేతిలో పెట్టారు, నా తర్వాతి ఆయనకు పోస్టింగ్ ఇచ్చేశారు. రిప్రజెంటేషన్ ఇస్తే తపాలా సెక్షన్‌లో స్టాంపు కొట్టి తీసుకున్నారు, అంతే, ఉలుకూ పలుకూ లేదు.

1991 నాటి జానకిరామన్ కేసులో సుప్రీంకోర్టు, ఛార్జ్ మెమో జారీ అయ్యాకే సీల్డ్ కవర్ (విచారణ తేలేదాకా ప్రమోషన్ నిర్ణయాన్ని మూసిపెట్టడం) అంది కదా. మరి ప్యానెల్ తర్వాత, ఆర్డరుకు ముందు మెమో వస్తే ఆ తీర్పు నాకు పనికొస్తుందా? ఉద్యోగుల కేసులు చూసే ట్రిబ్యునల్ ఎలాగూ ఎత్తేశారు కాబట్టి నేరుగా హైకోర్టుకే వెళ్లాలి. ముందు విచారణ త్వరగా ముగించమని అడగాలా, లేక మెమోనే సవాలు చేయాలా? రిటైరయ్యాక క్లీన్‌చిట్ వస్తే నోషనల్ ప్రమోషన్‌తో (పాత తేదీ నుంచి కాగితం మీద ఇచ్చేది) పెన్షన్ సవరిస్తారా, బకాయిలు కూడా ఇస్తారా? సర్వీస్ మ్యాటర్లు చూసే లాయర్లు, ఇలాంటిదే ఎదుర్కొన్నవాళ్లు కాస్త చెప్పండి. "ఓపిక పట్టండి" అనే సలహా మాత్రం వద్దు, అది ఆఫీసులో రోజూ వింటున్నాను.