మంచులో ఉన్న మొక్క ఎండిపోతుందా?

సీతమ్మధార మేడతోట:
నమస్తే అండీ. మా మేడ మీద యాభై కుండీలున్నాయి, మొక్కల సంగతి కొంచెం తెలుసు. కానీ ఇది అర్థం కావట్లేదు. మా అమ్మాయి వాళ్ళు అమెరికాలో, మిన్నియాపోలిస్‌లో ఉంటారు. పోయిన సెప్టెంబరులో ఇంటి ముందు ఆర్బర్‌వైటీ నాటారు. మన నర్సరీల్లో థూజా అని అమ్ముతారే, దాని వరసే. నిన్న వీడియో కాల్‌లో చూపించింది. రోడ్డు వైపు సగం టీ డికాషన్ రంగుకి తిరిగిపోయింది, గోడ వైపు సగం పచ్చగానే ఉంది. ఇంకో వింత, రోడ్డు వైపు కూడా కింద మోకాలెత్తు దాకా గీత గీసినట్టు పచ్చదనం!

అల్లుడుగారు "చలికి చచ్చింది, పీకేద్దాం" అంటున్నారు. "నీళ్ళు పోశారా?" అని నేనంటే ఇద్దరూ ఒకటే నవ్వు. నాలుగు నెలలు మంచులో ఉన్నదానికి నీళ్ళేంటమ్మా అని. నేనడిగింది తప్పా?

మిన్నెసోటా కాపురం:
తప్పు కాదండీ, అసలు పాయింటు మీరే పట్టుకున్నారు. ఆర్బర్‌వైటీ ఈ ఊరి చెట్టే. వేరు పట్టిన చెట్టైతే మైనస్ 30 డిగ్రీలకీ చావదు. మీ వాళ్ళది దాహంతో ఎండింది.

ఇక్కడ మేపుల్ లాంటివి అక్టోబరుకల్లా ఆకులు రాల్చి దుకాణం కట్టేస్తాయి. పచ్చగా ఉండే చెట్లకి ఆ సౌకర్యం లేదు. జనవరిలోనైనా ఎండ కాసి గాలి వీస్తే వాటి ఆకుల్లోంచి నీరు పోతూనే ఉంటుంది. కింద నేల రాయిలా గడ్డకట్టి ఉంటుంది కదా, వేరుకి చుక్క అందదు. ఫ్రీజర్‌లో గడ్డకట్టిన సీసా చేతిలో ఉన్నా గొంతు తడవదు, అలాగన్నమాట. సెప్టెంబరులో నాటారంటే వేళ్ళు ఇంకా కుదురుకోలేదు, అందుకే మరీ దెబ్బతింది.

ఆ గీత ఏంటంటే, అంతవరకూ మంచు కప్పుకుని ఉంది. గాలీ ఎండా తగల్లేదు కాబట్టి బతికింది. రోడ్డు వైపు దక్షిణమో పడమరో అయ్యుంటుంది, చూడమనండి.

ఇప్పుడే పీకొద్దు, కత్తిరించొద్దు. కొమ్మని గోటితో కొంచెం గీకితే లోపల పచ్చగా ఉందంటే ప్రాణం ఉన్నట్టే. మే నెలాఖరు దాకా ఆగండి. పూర్తిగా చచ్చిన కొమ్మ మాత్రం మళ్ళీ చిగురించదు, అది తీసేయడమే.

బీచ్‌రోడ్డు పాతకాపు:
చలి సంగతి నాకు తెలీదు గానీ గాలి సంగతి చెప్తాను. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుపాను వెళ్ళాక మన వైజాగ్ కైలాసగిరి గుర్తుందా? కొండంతా తగలబెట్టినట్టు గోధుమ రంగు. ఎక్కడా నిప్పు లేదు, ఉప్పుగాలి ఆకుల్ని మాడ్చేసింది. మా వీధిలో బాదం చెట్టు చచ్చిందని కొట్టేయబోయారు. మా నాన్న అడ్డం పడ్డారు. నెల తిరక్కుండా చిగురేసింది. తొందరపడొద్దని అల్లుడుగారికి చెప్పండి.

డాబాగార్డెన్స్ కుర్రాడు:
మరి లంబసింగిలో గడ్డి మీద మంచు పేరుకుంటుంది కదా, అక్కడా ఇంతేనా?

మిన్నెసోటా కాపురం:
కాదు తమ్ముడూ. అక్కడ తెల్లారుజామున పైపైన పేరుకుంటుంది, ఎండెక్కితే పోతుంది. నేల గడ్డకట్టదు, కాబట్టి వేరుకి నీళ్ళు అందుతూనే ఉంటాయి. మంచుకి ఆకు మాడొచ్చు, అది వేరే.

మేడతోట గారూ, ఒకటి మర్చిపోయాను. ఈసారి శరదృతువులో నేల గడ్డకట్టేదాకా వారం వారం బాగా నీళ్ళు పెట్టమనండి. చెట్టు మొదలు చుట్టూ మూడంగుళాల చెక్కపొట్టు పరవాలి, కాండానికి ఆనకుండా. గాలి వచ్చే వైపు గోనెపట్టా కడితే ఇంకా మంచిది.

సీతమ్మధార మేడతోట:
గీకి చూసిందండీ, చాలా కొమ్మల్లో పచ్చగానే ఉందట. ఆ పక్క పడమరేనట. అల్లుడుగారు పీకడం మాట ఎత్తలేదు. "గోనెసంచులు ఇక్కడ ఎక్కడ దొరుకుతాయి అత్తయ్యా" అని అడిగారు. నన్నడిగితే నేను పూర్ణామార్కెట్ తప్ప ఏం చెప్తాను?