పక్క జాగాయన సూట్ (సివిల్ కోర్టుల కేసు) వేసిండని ఇంటి పర్మిషన్ రద్దు చేశిన్రు, హైకోర్టుకు పోవచ్చా?

ప్రశ్న:
అన్నలకు నమస్తే. మాది వరంగల్ దిక్కు చిన్న టౌన్. నా పేరు మీద 150 గజాల జాగ ఉన్నది, రిజిస్ట్రేషన్, లింకు డాక్యుమెంట్లు, ఈసీ (జాగ మీద అమ్మకాలు, అప్పుల లెక్క చూపే సర్టిఫికెట్) అన్నీ సక్కగున్నయి. బీపాస్‌ల (ఇంటి పర్మిషన్‌కు సర్కారు పెట్టిన ఆన్‌లైన్ సిస్టం) అప్లై చేస్తే అప్రూవల్ వెంటనే వచ్చింది, ముగ్గు పోద్దామని ముహూర్తం కూడ చూసుకున్నం, ఇంతల మున్సిపాలిటోళ్లు "టైటిల్ వివాదం ఉన్నందున అనుమతి రద్దు చేయడమైనది" అని ఒక్క లైన్ కాయితం ఇచ్చిన్రు. పక్క జాగాయన సూట్ వేసిండట. ముందుగాల నోటీసు లేదు, పిలిచి అడిగింది లేదు. తెచ్చిన సలాకలు టార్పాలిన్ కింద తుప్పు పడుతున్నయి, అమ్మ ఇంకా కిరాయింట్లనే ఉన్నది. హనుమకొండ కోర్టుల వెయ్యాల్నా, పట్నం హైకోర్టుకే పోవాల్నా?

జవాబు 1:
హైకోర్టే తమ్మీ. మున్సిపాలిటీ ఆర్డర్ మీద ఆర్టికల్ 226 కింద రిట్ (సర్కారోళ్ల ఆర్డర్ తప్పని నేరుగ హైకోర్టుల వేసే పిటిషన్) వేస్తరు. నీ బలం ఆ ఒక్క లైన్లనే ఉన్నది. జాగ ఎవరిదో తేల్చే పవర్ మున్సిపాలిటీకి లేదు, అది సివిల్ కోర్టు పని, వీళ్లు చూడాల్సింది పైకి చూస్తే నీకు హక్కు, కబ్జా (జాగ నీ స్వాధీనంల ఉండుడు) ఉన్నయా, ప్లాన్ రూల్స్ ప్రకారం ఉన్నదా అనేంతవరకే. ఊకె సూట్ నడుస్తుందని ఆపుడు అన్యాయం, ఇంజంక్షన్ (పని ఆపమని కోర్టు ఇచ్చే ఆర్డర్) ఉంటే వేరే సంగతి. పైగా ఇచ్చిన పర్మిషన్ నోటీసు లేకుండ తీసేశిన్రు. 2020 బీపాస్ చట్టంల రద్దుకు 21 రోజుల గడువున్నది, అప్రూవల్ తారీఖు, రద్దు తారీఖు రెండూ పక్కపక్కన పెట్టి చూడు.

జవాబు 2:
పైన అన్న చెప్పింది కరెక్టే. ఇంకో ముచ్చట, రిట్ వేసినంక మున్సిపాలిటోళ్లు కౌంటర్ల (కోర్టుకు ఇచ్చే జవాబుల) రోడ్డు వెడల్పు లేదు, అది లేదు ఇది లేదు అని కొత్త కారణాలు తెస్తరు. ఆర్డర్ల రాయని కారణం తర్వాత అఫిడవిట్‌ల అతికిస్తే చెల్లదని మొహిందర్ సింగ్ గిల్ కేసుల సుప్రీంకోర్టు ఎప్పుడో చెప్పింది, వకీల్‌కు గుర్తుచెయ్యి. కానీ జాగ పక్కన చెరువుంటే మాత్రం జర నిజాయితీగ కొలిపించుకో, 2012 బిల్డింగ్ రూల్స్‌ల 10 హెక్టార్లు, ఆపైన ఉన్న చెరువుకు 30 మీటర్లు, అంతకు తక్కువైతే 9 మీటర్లు వదలాలె, అండ్ల పడితే కోర్టుకు పోయినా ఫాయిదా ఉండది. పక్క జాగాయనను కూడ రెస్పాండెంట్‌గ (ఎదుటి పార్టీగ) పెట్టు, లేకుంటే ఆయనను వినకుండ ఎట్ల చెప్పాలె అంటది కోర్టు. ఇంకోటి, కోర్టే పర్మిషన్ ఇస్తదనుకోకు. చానా కేసులల్ల ఆర్డర్ కొట్టేసి, ఇన్ని వారాలల్ల మళ్ల విని కారణాలు రాసి తేల్చమని కమిషనర్‌కే పంపుతది. అప్పటిదాక ఇటుక పెట్టకు, అక్రమ కట్టడం అని ఇంకో నోటీసు వస్తది.

అడిగినాయన:
శాన థ్యాంక్స్ అన్నా. సూట్‌ల ఆయన ఇంజంక్షన్ అడిగిండు, కోర్టు ఇయ్యలే, ఐఏ (సూట్ నడుమ వేసిన ఆ పిటిషన్) డిస్మిస్ అయింది. గది పనికొస్తదా?

జవాబు 1:
గదే అసలు కాయితం తమ్మీ! రేపే పోయి సర్టిఫైడ్ కాపీకి పెట్టు. దాని మీద ఆయన అప్పీల్‌కు పోయిండేమో ఈ-కోర్ట్స్‌ల (కోర్టు కేసుల వెబ్‌సైట్) పేరు కొట్టి చూడు, పోకుంటే రిట్‌ల మొదటి డాక్యుమెంట్ గదే పెట్టియ్యి.